తుపాకిని విప్పి శుభ్రపరచుట: పాటింపవలసిన వరుస

వైరా జలాశయము క్రింద వరి పండుచున్నది. అచటినుండి ఏన్కూరు, జూలూరుపాడుల మీదుగా కొత్తగూడెము వైపు పోవుకొలది మాగాణి తగ్గి మెట్ట పెరుగును. మెట్టను ఆనుకొని అడవి వచ్చును. మొక్కజొన్న కండె పాలుపట్టు నాటికి ఆ అడవినుండి పందులు చేలమీదికి దిగును. మంచె కట్టి, డబ్బా కొట్టి, రాత్రులు కాపు కాయుట ఈ ప్రాంతపు రైతులకు క్రొత్త కాదు. ఇట్టి అడవి అంచు పల్లెలలో పైరు కాపుదలకై లైసెన్సు పొందిన తుపాకి ఒకటి రెండు ఇండ్లలో కనబడుట వింత కాదు. మరొక ప్రక్క మన పిల్లలు కళాశాలలలో చేరి, ఎన్.సి.సి. శిబిరములలో .22 రైఫిలు పట్టి గురి నేర్చుకొనుచున్నారు. కావున తుపాకి సంగతి మనకు సంబంధించినది కాదని గ్రామపెద్దలు అనుకొనుటకు వీలు లేదు.

తుపాకి ప్రమాదమనగానే మనకు వేట గుర్తుకు వచ్చును. కాని ఇంటి వరండాలో చాప పరచుకొని, గుడ్డ నూనె ప్రక్కన పెట్టుకొని, తుపాకిని తుడుచు వేళకూడ ప్రమాదములు కలుగుచుండును. ఆ సమయమున ఇంటివారందరు చుట్టును ఉందురు. పిల్లలు వింతగా చూచుచుందురు. "ఇందులో తూటా లేదు" అని యజమాని నమ్మియుండును. ఆ నమ్మకమే ప్రమాదమునకు మూలము. తుపాకి తనంత తాను పేలదు. చూడకుండ నమ్మిన చేతిలో అది పేలును. శుభ్రపరచుటలో ఏది ముందు, ఏది వెనుక అను వరుసను తెలిసికొన్నచో ఈ ప్రమాదమును పూర్తిగా తప్పించుకొనవచ్చును. ఆ వరుసను వివరించుటయే ఈ వ్యాసోద్దేశము.

ఏ తుపాకి ఎందులకు?

1959 నాటి ఆయుధ చట్టము తుపాకులను వాటి పనిని బట్టి వేరుచేసి చూచుచున్నది. పైరు రక్షణకై నిజముగా కోరువానికి ముందునుండి మందు దట్టించు తుపాకికి లైసెన్సు ఇచ్చుటను ఆ చట్టపు 13వ సెక్షను పేర్కొనుచున్నది. అది చాలదని అధికారికి తోచినచో, గొట్టము లోపల నునుపుగా ఉండు వేరొక తుపాకిని అనుమతింపవచ్చును. గుర్తింపు పొందిన రైఫిలు క్లబ్బు సభ్యునికి గురి అభ్యాసము కొరకు .22 రైఫిలును అదే సెక్షను మొదట పేర్కొనెను. అనగా .22 రైఫిలు ముఖ్యముగా గురి నేర్చుకొను సాధనము. ఎన్.సి.సి. విద్యార్థులు దానిపైననే అభ్యాసము చేయుదురు. ఒలింపిక్సు క్రీడలలో 50 మీటర్ల రైఫిలు పోటీ జరుగునది కూడ ఈ కొలత రైఫిలుతోనే.

.22 అనగా గొట్టపు రంధ్రము అంగుళములో నూటికి ఇరువది రెండు వంతులు, సుమారు 5.6 మిల్లీమీటర్లు. తూటా మన చిటికెన వ్రేలి కణుపంత ఉండును. చూచుటకు చిన్నది కాబట్టి కొందరు దీనిని ఆటవస్తువుగా భావింతురు. అది పొరపాటు. ఆ సీసపు గుండు సెకనుకు వేయి అడుగులకు మించిన వేగముతో బయలుదేరును. ఎత్తి కాల్చినచో మైలు దూరమునకు మించి పోగలదు. మట్టిగోడయు, రేకుల కప్పును, తలుపు చెక్కయు దానికి నమ్మదగిన అడ్డు కావు.

ఈ తూటాకు మరొక ప్రత్యేకత కలదు. పెద్ద తూటాలలో నిప్పుమందు అడుగుభాగమున నడుమ ఉండును. .22 తూటాలో అది అడుగున ఉన్న అంచు చుట్టును నిండియుండును. అంచుపై సూది దెబ్బ తగిలిన వెంటనే పేలును. అందుచే ఈ తూటాలను సుత్తితో తట్టుట, పటకారుతో నొక్కుట, పిల్లలకు ఆడుకొన నిచ్చుట మిక్కిలి ప్రమాదకరము.

శుభ్రము చేయకున్న కలుగు నష్టము

రైఫిలు గొట్టము లోపల మరచుట్టు వలె గాళ్లు ఉండును. అవి గుండును తిప్పుచు సూటిగా పంపును. .22 గుండునకు మైనము గాని కొవ్వు గాని పూయబడియుండును. కాల్చినకొలది ఆ మైనము, సీసపు పొడి, మసి కలసి గాళ్లలోను, తూటా గది అంచునందును పేరుకొనును. కొంత కాలమునకు తూటా పూర్తిగా లోనికి పోదు, లేదా కాల్చిన తొడుగు బయటికి రాదు. అట్టి సమయమున మనిషి విసుగుతో బలవంతము చేయును. ప్రమాదము అచట కాచుకొని యుండును.

తుప్పు రెండవ శత్రువు. ఖమ్మము ప్రాంతమున వేసవి ఎండ ఎంత తీవ్రమో, వానకాలపు తేమయు అంతటిది. చేతి చెమటలోని ఉప్పు ఒక్క రాత్రిలో ఉక్కుమీద మచ్చ వేయగలదు. ఎన్నికల సమయమున ఠాణాలో అప్పగించిన తుపాకి వారముల తరబడి అచటనే ఉండును. తిరిగి తెచ్చుకొన్ననాడు దానిని శుభ్రపరచుట అవసరము. ఆనాడే జాగ్రత్త మరింత కావలెను. ఇతరుల చేతులు మారి వచ్చిన తుపాకిని ఖాళీ అని ఎన్నడును తలపరాదు.

మొదటి పని: ఖాళీ అని కన్నులార చూచుట

ఈ పనికి పగటి వెలుతురు గల చోటును ఎన్నుకొనవలెను. పిల్లలను, చూడవచ్చిన వారిని దూరముగా ఉంచవలెను. తూటాలన్నిటిని వేరొక గదిలో పెట్టి తాళము వేయవలెను. శుభ్రపరచు బల్లపై ఒక్క తూటా కూడ ఉండరాదు. గొట్టపు మూతిని మొదటినుండి చివరివరకు మట్టికట్ట వైపుననో, ఇసుకబస్తాల వైపుననో ఉంచవలెను. వ్రేలు ట్రిగ్గరు చుట్టునున్న కమ్మికి వెలుపల ఉండవలెను. సేఫ్టీ మీటను నమ్ముకొనరాదు. అది ఇనుప ముక్క, అరిగిపోవచ్చును, జారిపోవచ్చును.

బోల్టు గల .22 రైఫిలునందు వరుస ఇది:

1. ముందుగా తూటాల పెట్టెను, అనగా మేగజైనును, ఊడదీయవలెను. గొట్టపు ఆకారపు మేగజైను గల రైఫిలైనచో లోపలి గొట్టమును లాగి, తూటాలను ఒంపివేసి లెక్కపెట్టవలెను.

2. తరువాత బోల్టును తెరచి పూర్తిగా వెనుకకు లాగవలెను. గదిలో తూటా ఉన్నచో అది బయట పడును. ఇట్లు రెండు మూడు మారులు చేయవలెను.

3. బోల్టును వెనుకనే ఉంచి, వెలుతురులో తూటా గదిని చూడవలెను. చిటికెన వ్రేలి కొనతో గది అంచును తడిమి చూడవలెను. కన్ను ఒకటి, వ్రేలు ఒకటి, రెండు సాక్ష్యములు కుదిరిననే ఖాళీ అని నిశ్చయింపవలెను.

4. దగ్గర మరొక పెద్దమనిషి ఉన్నచో ఆయనకు చూపి, "ఖాళీ" అని ఆయనచేత కూడ అనిపింపవలెను.

మొదటి రెండు పనులను తారుమారు చేయరాదు. మేగజైను తీయకుండ బోల్టును లాగినచో గదిలోని తూటా బయటికి వచ్చును. కాని బోల్టును మూయగానే మేగజైనులోని మరొక తూటా గదిలోనికి పోవును. యజమాని తాను తూటా తీసితినని అనుకొనును. నిజమునకు క్రొత్త తూటా పెట్టినవాడగును. వరుస తప్పుటవలన కలుగు పెద్ద అపాయము ఇదియే.

బోల్టును వేరుచేయుట

ఖాళీ అని నిశ్చయమైన తరువాతనే బోల్టును బయటికి తీయవలెను. అనేక రైఫిళ్లలో బోల్టు బయటికి రావలెనన్న ట్రిగ్గరును నొక్కి పట్టుకొని వెనుకకు లాగవలసియుండును. కొన్నిటిలో ప్రక్కనున్న చిన్న మీటను నొక్కవలెను. తయారీదారు ఇచ్చిన పుస్తకమును చూచి, లేదా శిక్షకుని అడిగి తెలిసికొనుట మంచిది. విప్పుటలోనే ట్రిగ్గరు నొక్కవలసి వచ్చుచున్నదను సంగతిని పాఠకులు గుర్తింపవలెను. అందువలననే ముందు చెప్పిన నాలుగు మెట్లలో ఒక్కటియు విడువరాదు.

బోల్టు చేతికి వచ్చిన తరువాత ఆ రైఫిలు కాల్చలేని వస్తువగును. వెనుకనుండి గొట్టములోనికి చూచినచో మూతి వద్ద వెలుగు గుండ్రముగా కనబడవలెను. ఈ సమయమున తప్ప మరెప్పుడును గొట్టపు రంధ్రములోనికి చూడరాదు. అప్పుడును మూతి వైపునుండి కాక వెనుకనుండియే చూడవలెను.

గొట్టమును శుభ్రపరచుట

కావలసినవి కొద్దివే: కొలతకు తగిన కడ్డీ గాని "పుల్ త్రూ" అను త్రాడు గాని, కంచు తీగల చిన్న బ్రష్షు, మెత్తని నూలుగుడ్డ ముక్కలు, తుపాకులకై అమ్ము శుభ్రపరచు ద్రవము, పలుచని తుపాకి నూనె.

కడ్డీని వెనుకనుండి పెట్టి మూతి వైపునకు త్రోయవలెను. మూతి అంచు మిక్కిలి సున్నితమైనది. అది ఏ కొంచెము అరిగినను గుండు ప్రక్కకు పోవును. మొదట పొడి గుడ్డను పంపవలెను. పిదప బ్రష్షుకు ద్రవము పూసి కొన్ని మారులు నడిపి, కొద్ది నిమిషములు ఆగవలెను. అటుపిమ్మట గుడ్డ తెల్లగా వచ్చువరకు ముక్కలు మార్చుచు తుడువవలెను. చివర ఒక్క చుక్క నూనె గల గుడ్డను పంపవలెను. తూటా గది అంచున గట్టిపడిన మసిని మెత్తని బ్రష్షుతోనే తీయవలెను. మేకు, సూది, చాకు మొన ఉపయోగింపరాదు.

నూనె ఎక్కువైన కొలది మేలని కొందరి భావము. అది సరి కాదు. ఎక్కువ నూనె దుమ్మును పట్టును, కొయ్యను మెత్తబరచును. వంటనూనె, కొబ్బరినూనె వాడరాదు. అవి కొలది దినములకు జిగురై బోల్టు కదలికను అడ్డగించును. పెట్రోలు అసలే కూడదు. దీపమో పొయ్యియో దగ్గరనున్నచో ఇల్లంటుకొనును.

బోల్టు ముఖమును, తొడుగును లాగు చిన్న కొక్కెమును గుడ్డతో తుడిచి, కదలు చోట్ల ఒక చుక్క నూనె రాయవలెను. పని ముగిసినంతనే సబ్బుతో చేతులు కడుగుకొనవలెను. మసిలో సీసము ఉండును. అది పసిపిల్లలకు విషము వంటిది. అన్నము తిను బల్లపైన, వంటింటిలో ఈ పని చేయరాదు. వాడిన గుడ్డలను పిల్లలకు, పశువులకు అందని చోట పారవేయవలెను.

విప్పకూడని భాగములు

గొట్టము, బోల్టు, మేగజైను, ఈ మూడును శుభ్రపడినచో సాధారణముగా యజమాని పని ముగిసినట్లే. ట్రిగ్గరు లోపలి మీటలు, స్ప్రింగులు, బోల్టులోని సూది, సేఫ్టీ మీట, వీటిని ఇంటిలో విప్పరాదు. ట్రిగ్గరు తేలికగా ఉండవలెనని ఆకురాయితో రుద్దిన రైఫిలు, నేలకు తగిలినంత మాత్రమున పేలు స్థితికి రావచ్చును. ఆయుధ చట్టపు 5వ సెక్షను ప్రకారము తుపాకులను మరమ్మతు చేయుటకును లైసెన్సు కావలెను. ఊరి కమ్మరి ఎంత నేర్పరియైనను, లైసెన్సు లేనిదే తుపాకి మరమ్మతు అతని పని కాదు. శుభ్రపరచుట యజమాని బాధ్యత, మరమ్మతు లైసెన్సుగల పనివాని బాధ్యత. ఈ హద్దును దాటరాదు.

తిరిగి కూర్చుట

కూర్చుటకు ముందు గొట్టమునందు గుడ్డ ముక్క మిగిలినదేమో చూడవలెను. అడ్డమున్న గొట్టములో తూటా పేలినచో గొట్టము ఉబ్బును, లేదా పగులును. బోల్టును దాని రైఫిలులోనే పెట్టవలెను. శిబిరములందు పది రైఫిళ్లను ఒక్కచోట శుభ్రపరచునప్పుడు అంకెలు సరిచూచుకొనవలెను. కూర్చిన పిదప మూతిని మట్టికట్ట వైపుననే ఉంచి, తూటా లేకుండ బోల్టు సాఫీగా నడచుచున్నదా అని చూచిన చాలును. ఊరకనే మాటిమాటికి ట్రిగ్గరు నొక్కుట వలదు. ఖాళీ గదిలో సూది అంచునకు తగిలి రెండును చెడును.

కాల్చు చోట మరొక జాగ్రత్త కలదు. తూటా పేలకున్నచో మూతిని గురి వైపుననే ఉంచి, అర నిమిషమైనను ఆగి, పిదప బోల్టు తెరువవలెను. చప్పుడు అతి తక్కువగా వచ్చినచో గుండు గొట్టములోనే నిలచియుండవచ్చును. మరల కాల్చక, రైఫిలును ఖాళీ చేసి, గొట్టమును చూపించుకొనవలెను.

ముందునుండి మందు దట్టించు తుపాకి

పైరు కాపుదలకు వాడు పాత తుపాకికి బోల్టు లేదు, వెనుకనుండి చూచు వీలు లేదు. అది దట్టించియున్నదో లేదో తెలిసికొను పద్ధతి వేరు. ముందుగా మూతిని మట్టికట్ట వైపునకు త్రిప్పి, నిప్పు తగులు చోట టోపీ ఉన్నచో దానిని జాగ్రత్తగా తీయవలెను. తరువాత, మూతి ముందునకు తల గాని అరచేయి గాని రాకుండ ప్రక్కనుండి పట్టుకొని, దట్టించు కడ్డీని మెల్లగా లోనికి జార్చి, మూతి వద్ద గుర్తు పెట్టవలెను. కడ్డీని బయటికి తీసి, గొట్టము ప్రక్కన అదే కొలతగా ఆనించి చూడవలెను. కడ్డీ కొన నిప్పు తగులు రంధ్రము వరకు చేరినచో గొట్టము ఖాళీ. కొన్ని అంగుళములు ముందే ఆగినచో లోపల మందు, గుళ్లు ఉన్నవని అర్థము. అప్పుడు దానిని గెలికి తీయ ప్రయత్నింపరాదు. లైసెన్సుగల పనివానికి గాని, ఠాణాకు గాని తెలియజేయవలెను. ఏండ్లు గడచినంతమాత్రమున నల్లమందు చచ్చిపోవునని తలపరాదు.

నల్లమందు మసి తేమను పీల్చుకొనును. వాడిన తుపాకిని ఆనాడే వేడినీటితో, సబ్బుతో కడిగి, బాగుగ ఆరనిచ్చి, నూనె రాయవలెను. మరునాటికి వాయిదా వేసినచో తుప్పు పట్టియుండును.

భద్రపరచుట

తుపాకిని తోలు సంచిలోను, గుడ్డ తొడుగులోను నెలల తరబడి ఉంచరాదు. అవి తేమను పట్టును. దూలము మీద, ధాన్యపు గాదె వెనుక దాచుట రక్షణ కాదు, పిల్లలకు తెలియని చోటు ఇంటిలో ఉండదు. తుపాకి ఒక పెట్టెలో, బోల్టు వేరొక చోట, తూటాలు మరొక చోట, మూడింటికిని తాళము ఉండవలెను. తాళపుచెవి లైసెన్సుదారుని వద్దనే ఉండవలెను. వానకాలమున పదిహేను దినములకొకమారు తీసి చూచి, పొడిగుడ్డతో తుడిచి, నూనె గుడ్డతో అద్దుట మంచిది.

పంచాయతీ సభ్యులు చేయదగినది

పంచాయతీ సభ్యుడు తుపాకి పట్టనక్కరలేదు. కాని నాలుగు విషయములలో ఆయన మాట ప్రాణములను కాపాడగలదు.

మొదటిది మరణానంతర విషయము. లైసెన్సుదారుడు చనిపోయిన ఇంట, తుపాకి పెట్టెలోనే ఉండిపోవుట కలదు. ఆ తుపాకిని ఆలస్యము చేయక ఠాణాలో గాని, లైసెన్సుగల వ్యాపారివద్ద గాని అప్పగింపవలెనని ఆయుధ చట్టపు 21వ సెక్షను చెప్పుచున్నది. మరణ నమోదు పంచాయతీలోనే జరుగుచున్నది గనుక, ఆ ఇంటివారికి ఈ మాట చెప్పవలసిన మొదటివారు మనమే. అట్టి తుపాకిని మనుమలు విప్పి చూడకుండ ముందుగానే హెచ్చరింపవలెను.

రెండవది వేట విషయము. తుపాకికి లైసెన్సు ఉన్నంతమాత్రమున అడవిపందిని కాల్చు హక్కు రాదు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ప్రకారము, పైరుకు నష్టము చేయు జంతువునైనను అధికారము గల అధికారి వ్రాతపూర్వకముగ ఇచ్చిన ఉత్తరువు లేనిదే చంపరాదు. పంట నష్టమును అటవీ అధికారుల దృష్టికి తెచ్చుటలో పంచాయతీ రైతునకు తోడుగ నిలువవలెను.

మూడవది వేడుకల విషయము. పెండ్లిలోను, ఊరేగింపులోను తుపాకి కాల్చి ఇతరుల ప్రాణములకు అపాయము తెచ్చుట 2019 సవరణ ప్రకారము నేరము. దానికి రెండేండ్ల వరకు ఖైదు గాని, లక్ష రూపాయల వరకు జుర్మానా గాని, రెండును గాని విధింపవచ్చును.

నాలుగవది లైసెన్సు లేని నాటు తుపాకి. దానిని శుభ్రపరచు పద్ధతి లేదు, అప్పగించు పద్ధతియే కలదు. దాని గొట్టము ఎంత మందమో, ఎంత మందును ఓర్చునో చేసినవానికే తెలియదు. అది పంది కంటె ముందు పట్టినవానినే గాయపరచవచ్చును.

నాగలి కర్రును పొలము పోవకముందే చూచుకొను రైతు, తుపాకిని ముట్టకముందే తూటా గదిని చూచుకొనుట కష్టమైన పని కాదు. మేగజైను తీయుట, బోల్టు తెరచుట, కంటితో చూచుట, వ్రేలితో తడుముట. ఈ నాలుగు పనులకు పట్టు కాలము ఒక్క నిమిషము. గ్రామసభలో ఈ నాలుగు మాటలను ఒక్కమారు చదివి వినిపించినచో, తుపాకి గల ఇంటివారును, ప్రక్క ఇంటివారును నిశ్చింతగా నిద్రింపగలరు.